పరక తెంపిన కథానాయకుడు

నా మొదటి నవల ప్రతి ఒకటి చాలాకాలం ఒక జీపు డాష్‌బోర్డు మీద, అమ్మవారి పటానికీ సెల్‌ఫోను స్టాండుకీ మధ్య ఉండేది. ఎండకి అట్ట వెలిసిపోయింది. ఆ జీపు మా బావది. అరకు స్టేషనులో రైలు దిగిన టూరిస్టులని ఎక్కించుకొని గుహలూ జలపాతాలూ కాఫీ తోటలూ తిప్పడం అతని పని. ఘాటు రోడ్డులో కాస్త దారి చదునుగా దొరకగానే ఆ పుస్తకం తీసి వెనక సీటుకి అందించేవాడట. ఇది నా మీద రాసిన పుస్తకమండీ, రాసింది మా మరదలేనండీ అని చెప్పేవాడట. టూరిస్టులు పుస్తకం అతని గుండెలకి ఆనించి ఫోటోలు తీసుకునేవారట. ఈ సంగతి మొదటిసారి నా చెవిన పడ్డ రోజు నాకు అన్నం సయించలేదు.

ఎందుకంటే ఆ పుస్తకం రాసింది అతను ఊళ్లో తలెత్తుకోలేకుండా చెయ్యడానికి. అతని పేరు పెట్టలేదు గానీ నడక మార్చలేదు, జీపు మార్చలేదు, సైడు అద్దంలో జుట్టు దువ్వుకుంటూ మాట్లాడే అలవాటు మార్చలేదు. చదివినవాళ్లు ఇతగాడే అని పోల్చుకోవాలని కసిగా రాశాను. పోల్చుకున్నారు. పోల్చుకొని జీపు బేరం ఎక్కువ చేశారు.

నేను కాపురాల నవలలు రాస్తాను. మైదానంలో సభలకి పిలిచినప్పుడు ఎవరో ఒకరు లేచి, మీకు పెళ్లి కాలేదు కదా, కాపురం గురించి ఎలా రాస్తారండీ అని అడుగుతారు. అడవి గురించి రాయండి, మీ నాట్యాల గురించి రాయండి అని సలహా కూడా పడేస్తారు. కాపురాలేవో వాళ్ల సొంత ఆస్తి అయినట్టూ, మా కొండల్లో జనం పొద్దస్తమానం చేతులు పట్టుకొని గెంతుతూనే ఉంటారన్నట్టూ ఉంటుంది ఆ మాట. పెళ్లయినవాళ్లకి రాసే తీరికెక్కడ ఏడిచింది అని నవ్వేసి కూర్చుంటాను. పళ్లు కొరుక్కునే నవ్వుతాను, అది వాళ్లకి తెలియదు.

కాపురాల నవలలు నాకు మిషను హాస్టల్లో పరిచయమయ్యాయి. మా మేట్రనమ్మకి చూపు తగ్గింది. ఆదివారం ప్రార్థన అయ్యాక, పిల్లలందరూ బట్టలు ఉతుక్కునే వేళ, నన్ను పక్కన కూర్చోబెట్టుకొని, బైబిళ్ల బీరువాలో వెనక వరసలో దాచుకున్న నవలలు చదివించుకునేది. అన్నిట్లోనూ ఒక భార్య ఉండేది. మొగుడు తాగొస్తే ఓర్చుకునేది, ఇంకొకామెని మరిగితే ఓర్చుకునేది. చివరి పేజీలకి వచ్చేసరికి మొగుడికి జ్ఞానం కలిగి ఆమె కాళ్ల దగ్గర కూలబడేవాడు. మేట్రనమ్మ పైట చెంగుతో కళ్లు ఒత్తుకునేది. నాకు ఒళ్లు మండేది. కూలబడ్డాక లేపి వాడికి కాఫీ పెట్టి ఇచ్చేది కూడా ఆవిడే కదా అని ఒకసారి అడిగాను. నోర్మూసుకొని తరవాతి పేజీ చదవమంది. నోర్మూసుకొని పేజీ ఎలా చదవాలో మాత్రం చెప్పలేదు.

అక్క నాకంటే బాగా పెద్దది. నన్ను ఆ హాస్టల్లో వేసినప్పుడు అమ్మకి చేసాయం లేక అక్కని బడి మానిపించి చోడి చేలోకి పంపారు. సెలవులకి ఇంటికొచ్చినప్పుడల్లా నా పుస్తకాలు తిరగేసి, ఇందులో ఏటుందో సెప్పు గుంటా అని అడిగేది. చెప్తే, పని చేసుకుంటూనే వినేది. నాకు కథ చెప్పడం అలా వచ్చింది. నా మొదటి శ్రోత ఆమె, అందుకని ఆమె జోలికి వచ్చినవాడి మీద నాకు పగ పెద్దది.

బావని ఆమెకి ఎవరూ కట్టబెట్టలేదు. సంతలో చూసి ఇష్టపడే వెళ్లింది. అందగాడు, మాటకారి, పైగా జీపు. పెళ్లయ్యాక అతని ఇంటి వెనక వాలులో సిల్వర్ ఓక్ చెట్ల నీడన కాఫీ మొక్కలు అక్క చేతిమీదుగానే పెరిగాయి. నారు మోసింది ఆమె, కలుపు తీసింది ఆమె, ఆకులు తినే పురుగులు ఏరింది ఆమె. టూరిస్టులని తెచ్చి ఇది నా ఎస్టేటండీ అని చెప్పుకున్నది మాత్రం అతను.

ఒక ఏడు కాఫీ పళ్లు కోసే రోజుల్లో అమ్మకి జ్వరం వచ్చి అక్క పుట్టింటికి వచ్చింది. అమ్మ లేచి తిరిగాక వెనక్కి వెళ్లేసరికి అక్క చాటా, రోకలీ బయట అరుగు మీద ఉన్నాయి. మాలో ఆడమనిషి చాటా రోకలీ గడప దాటించి బయట పెట్టారంటే ఇక ఏమీ చెప్పనక్కర్లేదు. లోపల పొయ్యి దగ్గర ఒడిశా వైపు నుంచి తెచ్చుకున్న మనిషి కూర్చుని ఉంది. బావ ముంగిట్లో జీపు కడుగుతున్నాడు. అక్కని చూశాడు. చక్రం మీద నీళ్లు కొడుతూ ఈల వేసుకున్నాడు. తుపాను ముసురు పట్టిన రోజు అది. అక్క ఆ చాట నెత్తిన బోర్లించుకొని, రోకలి చంకన పెట్టుకొని, వానలో నడిచి వచ్చింది. ఆమె ఏడవలేదు. నేను ఏడ్చాను, జాలితో కాదు, మంటతో. అతను ఇంకో మనిషిని తెచ్చుకున్నందుకు కూడా కాదు. ఆ ఈల కోసం.

మా కొండల్లో మగవాడు ఇంకొకామెని తెచ్చుకోవడం కొత్త కాదు. ఆడమనిషి మొగుణ్ణి వదిలి ఇంకొకరి ఇంటికి వెళ్లడమూ కొత్త కాదు. మేట్రనమ్మ నవలల్లోలా దానికి బావీ, ఉరితాడూ అక్కర్లేదు. కానీ ఒక పద్ధతి ఉంది. విడిపోయే ఆలుమగలు ఇద్దరూ ఊరి పెద్దల ఎదుట ఒక ఎండు గడ్డిపరకని చెరో కొసా పట్టుకొని తెంపాలి. ఎవరి ముక్క వాళ్లు భుజం మీదుగా వెనక్కి పారేసి, తిరిగి చూడకుండా వెళ్లిపోవాలి. అంతే. పరక తెగితే ఆమె ఎవరి ఇంటి పొయ్యి అయినా వెలిగించుకోవచ్చు. తెగకపోతే లేదు. ఇద్దరూ తమంత తామే పట్టుకోవాలి. బలవంతాన పట్టిస్తే అది తెగినట్టు కాదు.

ఏడాది తిరిగాక మా ఊరి పక్కన పారే గెడ్డకి అవతలి ఊళ్లో, భార్య పోయిన ఒక రైతు అక్కని అడిగాడు. అతని తోటలో మిరియాలు కోయడానికి వెళ్లేది అక్క. అతను పెద్దగా మాట్లాడే మనిషి కాదు. ఆమె నిచ్చెన ఎక్కి పాదు మీద చెయ్యి వేసేటప్పుడు కింద కదలకుండా పట్టుకుని నిలబడేవాడట. అక్కకి అది నచ్చింది. జీపులో ముందు సీటు కంటే నిచ్చెన పట్టుకున్న చెయ్యి నయం అని నాతో అంది. అతని తల్లి కూడా కాదనలేదు. ఒక్కటే మాట చెప్పింది. పరక తెగని ఆడది తమ పొయ్యి ముట్టుకుంటే ఇంటి దేవుడు కూడు ముట్టడు. తెంపుకొని రమ్మంది, ఆ రోజే పొయ్యి అప్పగిస్తానంది.

ఊరి పెద్ద బావకి కబురు పెట్టాడు. అప్పటికి అతనికి కొత్త సంసారం కుదిరిపోయింది, అక్కతో ఏ అవసరమూ లేదు. ఆచారం ప్రకారం ఇవ్వాల్సిన మేకా, జీలుగు కల్లూ అవతలి రైతు సిద్ధం చేసి ఉంచాడు. బావ వచ్చాడు, పెద్దలు కూర్చునే రాళ్ల దగ్గర కాలు మీద కాలేసుకుని కూర్చున్నాడు, అంతా విన్నాడు. "నాను పరక పట్టను. నాకేటి తొందర? అదలా ఉంటాది, ఉండనీ" అని లేచిపోయాడు. ఎందుకు పట్టవు అని పెద్ద అడిగితే నవ్వాడు. తనకి అక్కర్లేనిది వేరొకరికి దక్కకూడదు, అంతే ఆ నవ్వుకి అర్థం. తరవాత రెండు మూడు సార్లు పిలిచినా అదే నవ్వు.

అక్క గెడ్డ దాటి వెళ్లేది, ఆ ఇంటికి నీళ్లు మోసేది, మిరియాలు ఆరబెట్టేది, అరుగు మీద కూర్చుని వాళ్లు పెట్టింది తినేది, పొద్దు వాలకుండా తిరిగి వచ్చేది. కొత్త పంట దేవుడికి పెట్టి తినే పండక్కి ఆ ఇంట్లో ముసలమ్మ ఒక్కతే వంగలేక వంగి పొయ్యి ఊదుకుంటుంటే, అక్క గుమ్మం బయట నిలబడి చూసేది. ఆ గుమ్మం సంగతి నాకు చెప్పినప్పుడు మాత్రం ఆమె చేతిలో పని ఆపింది. వయసు గడిచిపోతోంది. ముసలమ్మ కొడుకుని వేరే చోట చూసుకోమని చెప్పడం మొదలుపెట్టింది. అతను వినడం లేదు గానీ, ఎంతకాలం వినకుండా ఉంటాడు?

అప్పుడు నేను గుమ్మలక్ష్మీపురం వైపు ఒక ఆశ్రమ పాఠశాలలో తెలుగు చెప్తున్నాను. నా దగ్గర ఇంకే ఆయుధమూ లేదు. నవల రాశాను. అతని గొప్పలు, అతని ఈల, అరుగు మీద చాట, అన్నీ రాశాను. పదిమందీ చీ అంటే సిగ్గు పుట్టి పరక పట్టుకుంటాడని నా లెక్క. అచ్చు వేసే ఆయన చదివి, చాలా బాగుందమ్మా, ఆఖర్లో భర్తలో కాస్త మార్పు చూపిస్తే పాఠకులకి తృప్తిగా ఉంటుంది అన్నాడు. మార్పు రాలేదండీ, వస్తే అప్పుడు రాస్తాను అన్నాను. ఆయన కొంచెం చిన్నబుచ్చుకుని, అలాగే వేశాడు.

ఆ తరవాత జరిగింది తలుచుకుంటే ఇప్పటికీ అరికాలి మంట నెత్తికెక్కుతుంది. విజయవాడ నుంచీ రాజమండ్రి నుంచీ ఆడవాళ్లు ఫోన్లు చేశారు. దుర్మార్గుడేనండీ, కానీ ఏం మనిషండీ అన్నారు. వాడు అద్దంలో చూసుకుంటూ మాట్లాడే మాటలు ఇంట్లో చెప్పుకొని నవ్వుకున్నామన్నారు. ఒక సభలో ఒకాయన ఆ భర్త పాత్ర గురించే గంటసేపు మాట్లాడాడు. భార్య గురించి చివర్లో ఒక ముక్క, సహనమూర్తి అని. ఆ ముక్కకి చప్పట్లు కూడా కొట్టారు. ఇక బావ సంగతి చెప్పనే అక్కర్లేదు. పుస్తకం కొన్నాడు, డాష్‌బోర్డు మీద పెట్టాడు. సంతలో నేను ఎదురైతే అందరికీ వినబడేలా, నా మీద మనసు లేకపోతే ఇంత పుస్తకం రాస్తావా మరదలా అని సరసమాడాడు. బావకి ఆ హక్కుంది. నాకు కొట్టే హక్కు లేదు.

ఆ వేసవి సెలవుల్లో అక్కకి పుస్తకం మొత్తం చదివి వినిపించాను. అరుగు మీద కూర్చుని ఎండిన గుత్తుల నుంచి మిరియాలు రాలుస్తూ వింది. ఎక్కడా ఆపలేదు, ఎక్కడా తల ఎత్తలేదు. అయిపోయాక చాటలో మిరియాలు ఒకసారి చెరిగి, పొల్లు ఊదేసి అప్పుడు అంది.

"పుస్తకంలో కూడా నన్ను ఆడితోనే కాపరం ఎట్టించేసినావు కాదేటే."

నేను ఆడిని తిట్టాను కదప్పా అన్నాను. తిట్టావు, ఇన్ని కాగితాలూ ఆడికే ఇచ్చావు, ఆడు తిన్నదీ ఆడు తొడిగిందీ ఆడు అన్నదీ నాకు మళ్లీ వినిపించావు అంది. కోపంగా కాదు, అలిసిపోయినట్టు అంది. మేట్రనమ్మ బీరువాలోని నవలలన్నీ ఒక్కసారి కళ్ల ముందు తిరిగాయి. ఓర్చుకునే భార్య కథ అని చెప్పి రాసినవన్నీ ఆ మొగుళ్ల కథలే. వాళ్లు చేసే ఆగడాలు లేకపోతే ఆ పుస్తకాల్లో పేజీ తిరగదు. వాళ్లని తిడుతూనే రచయితలు వాళ్లకి పీట వేసి కూర్చోబెట్టారు. నేనూ అదే పని చేశాను, అక్క వేలికొసలు మిరియాల ఘాటుకి మండుతుండగా.

ఆ సాయంత్రమే రెండో నవల అనుకున్నాను. కానీ దాని కంటే ముందు పరక తెగాలి. బావకి సిగ్గు లేదని తేలిపోయింది. ఉన్నదేమిటో కూడా తేలింది. ఇక ఆ ఉన్నదాన్నే పట్టుకున్నాను.

సంతలో నేను అడ్డాకుల కట్ట బేరమాడుతుంటే అతనే వచ్చాడు. రెండో భాగం ఎప్పుడు అని అడిగాడు. రాస్తున్నాను బావా, ఒక చోట ఆగిపోయింది అన్నాను. ఎక్కడ అన్నాడు. మా కథానాయకుడు పరక తెంపే ఘట్టం దగ్గర అన్నాను. అతని మొహం కొంచెం మారింది. నేను గమనించనట్టు ఆకులు లెక్కపెట్టుకుంటూ చెప్పుకుపోయాను. మన ఊళ్లో పరక తెంపిన మగవాళ్లందరూ దొంగల్లా తల వంచుకుని తెంపినవాళ్లే. నా కథానాయకుడు అలా తెంపితే ఏం బాగుంటుంది? పదిమంది ఎదుట దొరలా వచ్చి, ఇంద తీసుకో అన్నట్టు తెంపాలి. అలాంటిది నేను కళ్లతో చూడలేదు, చూడనిది రాయలేను అన్నాను. అతను నవ్వి, భలే మరదలివి అని వెళ్లిపోయాడు. నేను పిలవలేదు. మా అమ్మ అంబలి పులియబెట్టి మూత తీసి చూసేది కాదు.

వారాలు గడిచాక మళ్లీ తనే కదిపాడు, ఆ ఘట్టం అయిందా అని. అయినట్టే బావా అన్నాను. పక్క పంచాయతీలో ఒక బస్సు కండక్టరు పరక తెంపబోతున్నాడట, చాలా దర్జా మనిషట, వెళ్లి చూసి అతన్నే రాసేస్తాను అన్నాను. ఆ కండక్టరు ఉన్న మాట నిజం, పరక తెంపబోతున్న మాట పచ్చి అబద్ధం. పాపం అతనికి భార్య అంటే ప్రాణం.

"ఆడా? ఆ బొజ్జోడా? నా పుస్తకంలో ఆడిని ఎడతావేటి?" అన్నాడు బావ.

నా పుస్తకం అన్నాడు. అతని నోట ఆ మాట విని లోపల లోపల గంతులేశాను. మరి ఏం చెయ్యమంటావు బావా, నువ్వు పరక పట్టనని ఊరందరి ముందూ అన్నావు కదా అన్నాను. అతను జేబులోంచి దువ్వెన తీశాడు. దువ్వుకుంటూ కాసేపు ఆలోచించాడు. పట్టనన్నాను గానీ పట్టలేనన్నానేటి అన్నాడు.

సంత మర్నాడే వచ్చాడు. జీపు కడిగించాడు, తెల్ల చొక్కా వేశాడు, నల్ల కళ్లద్దాలు పెట్టుకున్నాడు. పెద్దలు రాళ్ల మీద కూర్చున్నారు. అవతలి రైతు మేకని పట్టుకుని దూరంగా నిలబడ్డాడు. అక్క ఉతికిన చీర కట్టుకుని వచ్చింది. బావ పక్కన ఒడిశా మనిషి కూడా ఉంది. అతను చొక్కా మడతలు సర్దుకుంటుంటే ఆమె కొండ వైపు చూస్తూ ఆవలించింది.

పరక దగ్గర కొంచెం ఆలస్యమైంది. పుట్టింటి చూరులోంచి దూసిన పరక అయి ఉండాలని పద్ధతి. మా ఇంటికి రేకులు వేసి చాలా ఏళ్లయింది. చూరే లేదు. ఏం చెయ్యాలని పెద్దలు తర్జనభర్జన పడుతుంటే నేను బావనే చూస్తున్నాను. ఈలోగా ఇతని మనసు మారితే? కళ్లద్దాలు తీసి మళ్లీ పెట్టుకుంటున్నాడు. అప్పుడు అమ్మ, పశువుల శాలకి ఇంకా గడ్డి కప్పే ఉంది, అదీ నా ఇల్లే అంది. ఊరి పెద్ద ఒప్పుకున్నాడు. సామ గడ్డి పరక ఒకటి, బాగా ఎండింది చూసి నేనే దూసి తెచ్చాను. నా చేత్తోనే తెచ్చాను, ఎవరికీ ఇవ్వలేదు ఆ పని.

అక్క ఒక కొస పట్టుకుంది. బావ రెండో కొస రెండు వేళ్లతో పట్టుకుని, ముందు నా వైపు చూశాడు, చూస్తున్నానా లేదా అని. కళ్లప్పగించి చూస్తున్నాను. గడ్డం పైకెత్తి, చెయ్యి విసురుగా లాగాడు. చిన్న చప్పుడు కూడా రాలేదు. తెగింది. తన ముక్కని భుజం మీదుగా ఎగరేసి, వెళ్లకుండా అక్కడే నిలబడి నన్ను అడిగాడు.

"సరిగ్గా సూసినావా మరదలా? మళ్లీ తెంపమంటావేటి?"

ఊరి పెద్ద గొంతు సవరించుకొని, ఒకసారి తెగిందిరా, సాలు అన్నాడు. అక్క తన ముక్క వెనక్కి పారేసి అప్పటికే నడుస్తోంది. తిరిగి చూడలేదు. మేక తాడు ఊరి పెద్ద చేతిలో పెట్టి ఆ రైతు ఆమె వెనకే వెళ్లాడు. ఆ సాయంత్రం గెడ్డ అవతల ఆ ఇంటి కప్పు మీంచి పొగ లేవడం మా చేను గట్టు మీద నుంచి చూశాను. ముసలమ్మది కాదు ఆ పొగ. ముసలమ్మ వంగలేక చితుకులు కొన్నే వేసేది, సన్నగా లేచేది. ఇది నల్లగా, దిట్టంగా లేచింది. తడి కట్టెలు ఎక్కించినట్టుంది, తొందరలో.

ఇక నా పగ మిగిలింది. పరక తెగింది కాబట్టి పోనీలే అని నాకు అనిపించలేదు. ఆ ఈలకి ఇంకా బదులు చెప్పాలి. రెండో నవల ఆ పొగతో మొదలుపెట్టాను. ఒక ఆడమనిషి కొత్త ఇంట్లో మొదటిసారి పొయ్యి వెలిగిస్తుంది, కట్టెలు తడి, కళ్లు మండుతాయి, అత్త ఉప్పు డబ్బా ఎక్కడుందో చెప్పకుండా వినోదం చూస్తుంది. అక్కడి నుంచి అంతా ఆ ఇల్లే. అత్తాకోడళ్లు ఉప్పు దగ్గరా చింతపండు దగ్గరా పడే గొడవలు, మాట్లాడని మొగుడితో మాట్లాడించడానికి ఆమె పడే పాట్లు, అతని మోకాలి నొప్పి, పాదులకి తెగులు వచ్చిన ఏడు ఇద్దరూ ఎడమొహం పెడమొహంగా ఉండి మళ్లీ ఒక దుప్పట్లో చేరడం. ఆమెకి ఇంతకు ముందు ఒక కాపురం ఉండేదని ఆ పుస్తకంలో ఎక్కడా లేదు. జీపు లేదు. ఆ కొండల్లో జీపు అనేదే తిరగదు. నా పాత్రలు సంతకి ఆటోలో వెళ్తాయి. రాస్తున్నప్పుడు ఒకచోట అలవాటు కొద్దీ దూరం నుంచి హారను వినిపించింది. కొట్టేశాను. ఆ కొట్టివేతలో నాకు కలిగిన సుఖం మొదటి నవల మొత్తంలోనూ కలగలేదు.

రాసినన్నాళ్లూ బావ ఫోను చేస్తూనే ఉన్నాడు. ఘట్టం ఎలా వచ్చిందని అడిగేవాడు. చాలా బాగా వచ్చింది అనేదాన్ని. నేనన్నది పొగ గురించి. టూరిస్టులందరికీ రెండో భాగం వస్తోందని చెప్పుకున్నాడు. కొందరి ఫోన్ నంబర్లు కూడా రాసి పెట్టుకున్నాడట, రాగానే చెప్పడానికి.

పుస్తకం వచ్చింది. అచ్చు వేసే ఆయన, ఈసారి ఆ భర్త లాంటి పాత్ర లేకపోవడం లోటే అన్నాడు గానీ, వేశాడు. మైదానం ఆడవాళ్ల నుంచి ఫోన్లు తక్కువ వచ్చాయి. చేసినవాళ్లు మాత్రం ఆమె గురించే మాట్లాడారు. ఉప్పు డబ్బా చివరికి ఎక్కడ దొరికిందండీ అని ఒకావిడ అడిగింది. దొరికిన చోటు పుస్తకంలో ఉంది, ఆవిడకి నాతో మాట్లాడాలనిపించింది అంతే.

సెలవుల్లో నేను ఇంట్లో ఉండగా బావ జీపు వేసుకొని వచ్చాడు. చేతిలో కొత్త పుస్తకం, చాలా చోట్ల మడతలు. అతనికి చదవడం వచ్చు, మెల్లగా వస్తుంది. అరుగు మీద కూర్చున్నాడు. నేను కాఫీ గింజల్లో నల్లవి ఏరుతున్నాను. కాసేపు పేజీలు తిప్పాడు. నల్ల కళ్లద్దాలు తీసి చొక్కా జేబులో పెట్టుకున్నాడు. మొదటిసారి అతని కళ్లు సరిగ్గా చూశాను. కంగారుపడి ఉన్నాయి.

"మరదలా, నాను ఎక్కడున్నాను?"

ఎక్కడా లేవు అన్నాను. అతను నవ్వబోయి ఆగాడు. పరక తెంపింది రాస్తానన్నావు కదా అన్నాడు. పరక తెగాక మొదలవుతుంది కథ, నీతో పనేమిటి అన్నాను. తిట్టయినా తిట్టొచ్చు కదా అన్నాడు. ఒక్క మాటైనా, ఒక్క చోటైనా, అన్నాడు. ఈల మర్చిపోయినట్టున్నాడు. నేను మర్చిపోలేదు. గింజలు ఏరడం ఆపకుండా, ఎన్నాళ్లుగానో నోట్లో దాచుకున్న మాట అన్నాను.

"మరదలా అంటన్నావు, ఎవలికి మరదల్ని? పరక తెగిపోనాది కదా బాబూ. దారిన పోయేవోడివి, అంబలి తాగుతావేటి, ఎండలో వచ్చినావు."

దాహం వేసిన దారిన పోయే వాళ్లని మేము అడిగే మాటే అది. అతను తాగలేదు. చాలాసేపు కూర్చున్నాడు. నాకు జాలి కలుగుతుందేమోనని నేనూ చూశాను. కలగలేదు. లేచి జీపు దగ్గరికి వెళ్లాడు, డాష్‌బోర్డు మీది పాత పుస్తకం తీశాడు, ఎక్కడ పెట్టాలో తెలియనట్టు అటూ ఇటూ చూసి సీటు కిందికి తోశాడు. జీపు స్టార్టు చేసేటప్పుడు ఈల వెయ్యలేదు.

మలుపు తిరిగే దాకా చూసి, అక్కకి ఫోను చేశాను. జరిగింది మొత్తం చెప్పాలని నా నాలుక దురద పెడుతోంది. అతను వచ్చాడప్పా అన్నాను. ఎవలు అంది. జీపు, పుస్తకం, పరక అని నేను గబగబా మొదలుపెట్టాను. వెనక ముసలమ్మ ఏదో గొణగడం, మూత చప్పుడు వినిపించాయి.

"ఆగే గుంటా, ఎసరు పొంగిపోతంది. తర్వాత సేత్తాను" అని అక్క ఫోను పెట్టేసింది.